లైవ్‌లో పాప

ఈ ఫైనల్ ఓడితే వీడియో గేములు మానేసి నా స్టీలు సామాన్ల కొట్లో కూర్చోవాలని మా పాప దగ్గర మాట తీసుకున్నది నేనే. ఇప్పుడు బేరాలు వదిలేసి కంప్యూటర్లో కళ్ళార్పకుండా లైవ్ చూస్తున్నదీ నేనే. జట్టంతా అవుటయింది. పాప ఒక్కతే మిగిలింది, ఎదురుగా ముగ్గురు.

"ఊపిరి పీల్చుకో అన్నయ్యా," అన్నాడు పక్కషాపు టైలరు.

అప్పుడే నా ఫోను మోగింది. చూస్తే పాప!

"అదేంట్రా? తెర మీద పాప చేతులు రెండూ కీబోర్డు మీదే ఉన్నాయిగా?"

"మోసాలు జరక్కుండా లైవ్‌ని మూడు నిమిషాలు ఆలస్యంగా చూపిస్తారన్నయ్యా. అక్కడ ఆట ఎప్పుడో అయిపోయుంటుంది. ఎత్తవయ్యా బాబూ!"

తెర మీద పాప ఇంకా పెదవి కొరుక్కుంటోంది. నాకు మాత్రం నవ్వొచ్చేసింది.

ఓడిన రోజు పాప వాళ్ళమ్మకే ఫోన్ చేసి ఏడుస్తుంది. గెలిస్తేనే, మొదటి ఫోను నాకు.