మూడుసార్లు పిలిచారు

“మూడుసార్లు పిలిచాడమ్మా బంట్రోతు! కోర్టంతా వినపడేలా అరిచాడు. మీరు లేరు. జడ్జిగారు కేసు కొట్టేశారు,” అన్నాడు లాయరు భాస్కరం చిరాగ్గా.

నాగరత్నం కుర్చీలో కూర్చోలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని గోడవారగా నిలబడింది.

“మళ్ళీ తెరిపించండి బాబూ. మీ కాళ్ళు పట్టుకుంటాను.”

“నా కాళ్ళెందుకూ? ఆ రోజు ఎందుకు రాలేదో అఫిడవిట్టులో రాయాలి. అసలేమైంది?”

“ఇల్లు కదల్లేకపోయానండి.”

“జ్వరమా?”

ఆమె తల దించుకుంది. “అదే రాయండి.”

భాస్కరానికి ఒళ్ళు మండింది. ఒక్క వాయిదా తప్పని మనిషి, సరిగ్గా సాక్ష్యం చెప్పాల్సిన రోజునే ఇంట్లో కూర్చుంది. ఆవిడ భర్త గంగరాజు కాలవ మీద లాకులెత్తి దించే లస్కరు. వరదలప్పుడు డ్యూటీకని వెళ్ళి మళ్ళీ రాలేదు. లాకుల దగ్గర సైకిలొక్కటే దొరికింది. ఏడేళ్ళు దాటినా జాడ లేదు కాబట్టి చనిపోయినట్టు ప్రకటించమని దావా. ఆ తీర్పు చేతికొస్తే తండ్రి ఉద్యోగం కూతురు హైమకిస్తారు. హైమకేమో వయసు దాటిపోతోంది.

“ఇంకో మాట. కోర్టుకి ఆ బొట్టు తీసేసి రండి. ఆయన పోయాడని మనమే చెబుతూ, రూపాయంత బొట్టు పెట్టుకొస్తే ఎలాగమ్మా?”

“తీర్పు రానివ్వండి బాబూ. అప్పుడు తీస్తాను.”

భాస్కరం మెత్తబడ్డాడు. ఎన్నేళ్ళయినా పిచ్చి ఆశ చావదు కదా అనుకున్నాడు.

“కోప్పడకండి గానీ, ఇప్పుడాయన నడిచొచ్చినా మీకు ఒరిగేదేం లేదు. చెప్పకుండా పోయాడని ఉద్యోగం పీకేస్తారు. హైమకీ రాదు.”

“తెలుసండి,” అంది నాగరత్నం.

పిటిషను విచారణకి వచ్చిన రోజు బంట్రోతు మొదటిసారి పిలుస్తుండగానే ఆమె పరుగున లోపలికెళ్ళి బోనెక్కింది. ప్రభుత్వ ప్లీడరు లేచాడు.

“ఈవిడకి కేసు మీద శ్రద్ధ లేదండి. రానివాళ్ళందరికీ జ్వరమే వస్తుంది మన కోర్టులో!”

ఎవరో కిసుక్కున నవ్వారు. జడ్జిగారు కళ్ళద్దాల మీంచి చూశారు.

“ఏమ్మా, ఇక ముందైనా వాయిదాలకి వస్తావా?”

“చచ్చినా వస్తానండి.”

“మీ ఆయన సంగతేమైనా తెలిసిందా?”

ఆమె బోను కర్రని గట్టిగా పట్టుకుంది.

“లేదండి,” అంది. అంతే, అక్కడే కూలబడి భోరుమంది. “మా పిల్లని చూడండయ్యా! అది కుట్టుమిషను తొక్కీ తొక్కీ నడుం పడిపోతోంది. దానికి ఇంకో దారి లేదు. నాకేమైనా పర్లేదు, దాని గతేంటి?”

ప్రభుత్వ ప్లీడరు కూడా తల తిప్పుకున్నాడు. జడ్జిగారు కాగితం మీద రెండు ముక్కలు రాసి, కేసు తిరిగి విచారణకి తీసుకుంటున్నామన్నారు.

బయటికొచ్చాక భాస్కరం టీ చెప్పబోయాడు. “ఇంకా ఏడుస్తారేంటమ్మా? బతికిపోయాం. గుక్కెడు టీ తాగి వెళ్ళండి.”

“వద్దు బాబూ. పొద్దెక్కింది, వెళ్ళి వంట చెయ్యాలి.”

ఆమె కళ్ళు తుడుచుకుని బస్సెక్కింది.

ఇంటికెళ్ళి, బయట వేసిన తాళం తీసి, వంట చేసి, భర్తకి అన్నం పెట్టింది.