గొడ్డలి పదును ఎటు?

"ముసలి నక్క పడవ ఇంకా రాలేదేం!" అంది చేపలమ్మే మార్జరీ, బుట్ట గట్టు మీద దించుతూ.

థేమ్స్ ఒడ్డున, టవర్ కోట రేవు దగ్గర జనం కిక్కిరిసి ఉన్నారు. వెల్డ్రిక్ ప్రభువు మీద రాజద్రోహం విచారణ ఈ రోజుతో ముగుస్తుంది. సాటి ప్రభువులు గుండె మీద చెయ్యి వేసుకుని తీర్పు చెబుతారు. వదిలేస్తే పడవే రాదు, దర్జాగా ఇంటికి పోతాడు. నేరం రుజువైతే మళ్ళీ ఈ కోట జైలుకే తెస్తారు. పక్కన జైలరు పట్టుకున్న గొడ్డలి పదును ఇన్నాళ్ళూ అవతలికి ఉండేది. అప్పుడది మరణశిక్షకు గుర్తుగా ఖైదీ వైపు తిరుగుతుంది.

జనంలో, మార్జరీ పక్కనే, నల్ల ముసుగు కప్పుకుని సిసిలీ నిలబడి ఉంది. పొద్దుటి నుంచి పచ్చి మంచినీళ్ళు కూడా తాగలేదు.

"నీకేం చేశాడు తల్లీ ఆయన?" అంది మార్జరీ.

"నా తమ్ముడు హంఫ్రీ తిరుగుబాటులో ఉన్నాడు అవ్వా. వాడు లొంగిపోతే ప్రాణానికి నాది పూచీ అని ఈ ప్రభువు బైబిల్ మీద ఒట్టేశాడు. నమ్మాను. వాడు దాక్కున్న చోటు నేనే చెప్పాను. వారం తిరక్కుండా తల తీయించాడు. ఆ మెప్పుతోనే మంత్రి అయ్యాడు."

"వాడి నోట్లో మట్టి పడ!" మార్జరీ కాండ్రించి ఉమ్మింది. "పడింది లే. రాజుగారు పోతే తర్వాత గద్దె ఎవరికని లెక్కలేశాడట. ఆ మాట అనడమే ద్రోహమాయె! అయినా తలుపులేసుకుని, సొంతింట్లో, పొయ్యి పక్కన అన్న మాట బయటికెలా పొక్కిందో!"

"గోడలకి చెవులుంటాయిగా."

"నిజమే. కానీ ఆస్తంతా రాజుగారికి పోతుంది. పెళ్ళాం కట్టుబట్టలతో వీధిన పడుతుంది. పాపం, ఆవిడేం చేసింది?"

"ఇన్నాళ్ళూ ఆ తిండే తిందిగా. పడనీ."

ఆ గొంతులో కసికి మార్జరీ బిత్తరపోయింది.

"పడవ! పడవొస్తోంది!"

తోపులాట మొదలైంది. సిసిలీ మునివేళ్ళ మీద లేచి చూసింది. ముందు తెడ్లు కనబడ్డాయి. తర్వాత జైలరు టోపీ. ఆ తర్వాత గొడ్డలి.

పదును ఖైదీ వైపు ఉంది.

ఒడ్డంతా ఈలలు, కేకలు. ప్రభువు మాత్రం తల దించలేదు. గడ్డం నిమురుకుంటూ, విందుకు వస్తున్నట్టు కూర్చున్నాడు. ఆ నిబ్బరం చూసి సిసిలీకి ఒళ్ళు మండిపోయింది. తలొక్కటీ పోతే చాలదు. ఎవరి చేతిలో పోతోందో ఆయనకి తెలియాలి. జనాన్ని మోచేతులతో నెట్టుకుంటూ రేవు మెట్ల వైపు నడిచింది.

"ఎక్కడికి తల్లీ? కాళ్ళ కింద నలిగిపోతావ్!" మార్జరీ అరిచింది.

"తమ్ముడి పేరు ఆయన చెవిలో ఒక్కసారి చెప్పి వస్తా అవ్వా."

మెట్ల దగ్గర కావలివాడు బల్లెం అడ్డం పెట్టాడు. "వెనక్కి పో! ఖైదీ ఇంటివాళ్ళు తప్ప ఎవ్వరూ దిగకూడదు."

సిసిలీ ముసుగు తీసింది. "దారి వదులు నాయనా, నేను ఆయన భార్యని."