సగం గిన్నె కోతి

ముసలితనం ఎందుకొస్తుందో తేల్చడానికి కొందరు డాక్టర్లు ఒక కోతిపిల్లను బోనులో పెట్టి, రోజూ సగం గిన్నె తిండే పెడుతూ ముప్పై ఏళ్లు చూశారు. దాని బొచ్చు నెరవలేదు. ఒక్క పన్నూ ఊడలేదు. అందుకు దానికి గర్వం ఇంతా అంతా కాదు.

ఒకరోజు చెవి తెగిన అడవి కోతి ఒకటి వచ్చి కిటికీలో కూర్చుంది. "ఏం అబ్బాయ్, బాగున్నావా?" అని పలకరించింది.

"అబ్బాయేంటి? నీ తండ్రి వయసు నాది. నా పళ్లు చూడు," అంది బోను కోతి.

అడవి కోతి పళ్లు చూసింది, తర్వాత బోను తలుపు చూసింది. కాపలావాడు గడియ పెట్టడం మరిచిపోయాడు.

"అయితే పెద్దాయనా, తలుపు తీసే ఉంది. వాగు పక్కన వెలగకాయలు రాలుతున్నాయి, రా."

బోను కోతి చెయ్యి చాపి తలుపును దగ్గరికి లాక్కుంది. "అవి తింటే ప్రయోగం చెడిపోతుంది. నేను ఇంకో పదేళ్లు బతుకుతానని డాక్టరు రాసుకున్నాడు."

"బతికి ఏం చేస్తావు?"

"డాక్టరు వస్తే నోరు తెరిచి చూపిస్తాను."

అడవి కోతి తనకు మిగిలిన నాలుగు పళ్లూ బయటపెట్టి నవ్వింది. "నా పళ్లు వెలగకాయలు కొరికి కొరికి ఊడాయి. నీవి జాగ్రత్తగా దాచిపెట్టు, డాక్టరుకు పనికొస్తాయి," అని వాగు వైపు దూకింది.