నాలుగో మజిలీ

ఆదివారం ఉదయం ఏడున్నరకి గడియార స్తంభం కింద పదకొండు మంది పోగయ్యారు. పాత పేటల్లో రెండు గంటల నడక. ముందు గైడు, వెనక జనం. అందరికంటే వెనక ఆయన.

ఆయన రావడం ఇది ఏడోసారి. రేపు వెళ్లకూడదని ప్రతి శనివారం గట్టిగా అనుకుంటాడు. తెల్లారేసరికి బూట్లు తొడుక్కుంటాడు.

గైడుకి ముప్ఫై ఏళ్లుంటాయి. గొంతు చించుకోదు. వినాలంటే మనమే దగ్గరికి జరగాలి. ఆమెకో పద్ధతి ఉంది. ప్రతి మజిలీలో తనకు తెలిసింది చెప్పి, ఇక్కడి సంగతి మీకెవరికైనా తెలిస్తే చెప్పండి, వచ్చే వారం నుంచి అదీ కలిపి చెప్తానంటుంది. నిజంగానే కలుపుతుంది. టోపీలు కుట్టే వీధిలో కిటికీలు అంత కిందకి ఎందుకున్నాయో ఒక ముసలావిడ చెప్పింది. వీధిలో ఆడుకునే పిల్లల మీద కూర్చున్న చోటి నుంచే ఓ కన్నేసి ఉంచడానికట. ఇప్పుడు గైడు ఆ మాట ఆవిడ పేరుతో సహా చెబుతోంది.

గొడుగు పట్టుకున్న ఒకావిడ పోయిన నెల కూడా వచ్చింది. ఈసారి మరిదినీ తోడికోడలినీ వెంటబెట్టుకొచ్చింది. మూడో మజిలీ దాటాక ఆయన పక్కకి చేరింది.

"అప్పుడూ ఉన్నారు కదండీ మీరు? వీధుల మీద పరీక్షేమైనా రాస్తున్నారా?"

ఆయన నవ్వి, బూటు లేసు కట్టుకోవడానికి వంగాడు.

"వీధులెక్కడికి పోతాయిలే. చూడ్డానికొచ్చేది వీధుల్ని అయితే కదా" అంది ఆవిడ, గడ్డంతో గైడుని చూపిస్తూ, మరిదికి వినపడేలా. మరిది నవ్వు ఆపుకోలేక దగ్గాడు.

ఆయన చెవులు ఎర్రబడ్డాయి. పొద్దుట్నుంచీ తన చూపు ఆ అమ్మాయి మీదే ఉన్న మాట నిజం.

నాలుగో మజిలీలో చూడ్డానికేమీ లేదు. రెండు మేడల మధ్య, పన్ను ఊడిన చోటులా, ఇంత ఖాళీ స్థలం.

ఇరవై రెండేళ్ల కిందట ఇక్కడ మూడంతస్తుల మేడ ఉండేదని గైడు చెప్పింది. ఒక గురువారం మధ్యాహ్నం కూలింది. నలుగురు పోయారు. కింది వాటాలో తాపీమేస్త్రీ ఒక అడ్డగోడ తీశాడు, దానివల్లే కూలిందన్నారు. మేస్త్రీకి జైలు పడింది. బయటికి రాకుండానే పోయాడు.

"రికార్డులో ఉన్నది ఇంతే" అంది.

ఎదురుగా చిన్న కొట్టు. అందులో కుట్టుమిషను ముందు ఒకావిడ. ప్రతి ఆదివారం గైడు ఇక్కడ నిలబడగానే ఆ మిషను ఆగుతుంది. ఆవిడ మేస్త్రీ భార్య. చంటిపిల్లాడితో కోర్టు వరండాలో కూర్చున్ననాటి నుంచీ ఆయనకు తెలుసు. ఆవిడకే ఆయన గుర్తు లేడు. అప్పట్లో ఆయనకు గుబురు మీసం, చేతిలో ఫైలు.

మున్సిపాలిటీలో భవనాల తనిఖీ ఆయన ఉద్యోగం. గోడ బీటలిస్తే ఆ బీట మీద అడ్డంగా సన్నటి గాజు పలక అతికిస్తారు. బీట పెరిగితే గాజు పగులుతుంది. గాజు పగిలితే మేడ ఖాళీ చేయించాలి. ఈ మేడకి గాజు అతికించింది ఆయనే. నెల తిరక్కుండా అది పగిలింది. ఖాళీ చేయించడమంటే పద్నాలుగు కుటుంబాల ఏడుపులు, యజమాని పైరవీలు, పై అధికారి చీవాట్లు. ఏ పిల్లాడి బంతో తగిలి ఉంటుందిలే అనుకున్నాడు. పగిలిన గాజు ఊడబెరికి, కొత్తది అతికించి, 'మార్పు లేదు' అని రాశాడు. తొమ్మిదో రోజున మేడ కూలింది. అప్పటిదాకా మేడ బాగానే ఉందని కోర్టు నమ్మింది ఆ రెండు మాటల్నే. అవే మేస్త్రీ మెడకి చుట్టుకున్నాయి.

"ఎంత తాగి ఉన్నాడో మహానుభావుడు, ఏ గోడ తియ్యాలో కూడా తెలీకుండా" అంది గొడుగావిడ.

కొట్టులో ఆవిడ తల ఎత్తలేదు. సూదిలో దారం ఎక్కించబోయింది. ఎక్కలేదు. మళ్లీ ఎంగిలి చేసి ఎక్కించబోయింది.

"ఇక్కడి సంగతి ఎవరికైనా తెలిస్తే చెప్పండి" అంది గైడు.

మిగతా చోట్ల ఒక్క క్షణం ఆగి కదులుతుంది. ఇక్కడ కదల్లేదు. ఒక్కొక్క మొహమే చూసుకుంటూ వచ్చింది. ఆయన దగ్గర ఆగింది.

ఆయన ఒక అడుగు ముందుకు వేశాడు. జనం తప్పుకుని దారిచ్చారు. ఏడు వారాలుగా కూడబలుక్కున్న మొదటి వాక్యం గొంతు దాకా వచ్చింది.

"చెప్పండి" అంది గైడు, మెల్లగా.

"ఇక్కడ... ఎండ బాగా పడుతోంది. ఆ నీడలోకి జరిగితే నయమేమో."

"పోనీ, ఒక్క మంచి మాట చెప్పారు" అంది గొడుగావిడ. అందరూ నవ్వారు, నీడలోకి జరిగారు. వెనక కుట్టుమిషను మళ్లీ మొదలైంది.

మిగిలిన రెండు మజిలీల్లో గైడు ఏం చెప్పిందో ఆయనకు తెలియదు. చివర బస్టాపు దగ్గర జనం ఫొటోలు దిగి, చప్పట్లు కొట్టి, ఎవరి దారిన వాళ్లు వెళ్లిపోయారు. ఆయన తల దించుకుని బల్ల మీద కూర్చుండిపోయాడు. ఇక ఈ జన్మలో ఆ వీధి మొహం చూడకూడదనుకున్నాడు.

గైడు మెడలోని కార్డు తీసి సంచిలో వేసుకుంది. వచ్చి ఆయన పక్కన కూర్చుంది.

"ఈ వారం కూడా చెప్పలేదేం, నాన్నా?"