అమ్మ చూసే సీరియల్

మొదటి సీరియల్‌కే వేదిత తన ముఖాన్ని పదేళ్లకు కంపెనీకి రాసిచ్చేసింది. అందులో ఇప్పుడు నటించేది ఆ ముఖం తొడుక్కున్న కంప్యూటర్ బొమ్మ. వేదిత గడప దాటితే ముసుగు వేసుకోవాల్సిందే.

సాయంత్రం టీవీలో అత్త ఆ బొమ్మను ఇంట్లోంచి గెంటేస్తోంది. చిక్కుడుకాయల ఈనెలు తీస్తూ అమ్మ కళ్లొత్తుకుంది.

“నాటకాలవాళ్లు పిలిచారమ్మా. ఒక్కసారి స్టేజీ ఎక్కొస్తాను.”

“ఆ ముఖం నీదా ఇప్పుడు? కేసేస్తారే! ఇంట్లో కూర్చో.”

“మూడేళ్లుగా కూర్చునే ఉన్నాను కదమ్మా!” వేదిత కన్నీళ్లు బొటబొటా రాలాయి.

అమ్మ ఇటు తిరగలేదు.

“నీకేమే, హాయిగా నీడపట్టున ఉన్నావు. పాపం, నా బిడ్డ ఎలా ఏడుస్తోందో చూడు,” అంది టీవీకేసి చూస్తూ.