మౌనశాలలో తాబేలు

చిన్న కథే, చెప్పేసి వెళ్లిపోతాను. మా చెరువులో కొంగ ఉంది చూశారూ, ఉపవాసమంటూనే రోజురోజుకూ లావెక్కుతోంది. సరే, దాని గొడవ మనకెందుకు.

ఆకాశం నుంచి ఎవరో దిగి చెరువు పక్కన మౌనశాల పెట్టారు. మౌనమే గొప్ప కళ అట. అద్దాల గదిలో మా తాబేలును కూర్చోబెట్టి, ఇంతటి మౌనం ఏ లోకంలోనూ చూడలేదని మురిసిపోయారు. ప్రదర్శన ముగిసేదాకా కప్పలు నోరెత్తకూడదన్నారు.

ఒక కప్పకు ఒళ్లు మండింది. తాము పిలవందే వాన రాదని కప్పల నమ్మకం. చెరువు చూస్తే అప్పటికే అడుగంటింది. నేరుగా లోపలికి పోయి నిలదీసింది.

"ఏం తాబేలు మావా, మేమిక్కడ ఎండి చస్తుంటే నీకు సన్మానమా? నీ మౌనంలో అంత కళ ఏముందయ్యా?"

తాబేలు మెడ బయటికి చాపింది.

"కళా లేదు, గిళా లేదే పిల్లా. నేను పుట్టినప్పటి నుంచీ మీరు అరుస్తూనే ఉన్నారు. నన్నెప్పుడు మాట్లాడనిచ్చారు?"

అలా మొదలుపెట్టింది, ఆపలేదు. సాయంత్రానికి ఆకాశంవాళ్లు శాల ఎత్తేసి వెళ్లిపోయారు.

మర్నాడు వాన కురిసింది. కప్పలు పిలవలేదు. తాబేలు ఇంకా మాట్లాడుతూనే ఉంది, వాటికి సందు దొరకలేదు.