లూసియెన్ రెండో సినిమా

"ఇవాళ్టితో వీడి పని సరి!" అంది గిరిజాకుమారి, హాల్లో లైట్లు ఆరగానే.

పక్క సీట్లో మొగుడు శేషగిరి ఉలిక్కిపడ్డాడు. "ఏం చేశావే?"

"చూస్తూ ఉండండి."

ముందు వరసలోంచి ఫ్రెంచి రచయిత లూసియెన్ వెనక్కి తిరిగి ఆమెకి నమస్కారం పెట్టాడు. గిరిజ పళ్ళికిలించింది. లోపల మాత్రం కుతకుత ఉడికిపోతోంది. ఉడకదూ మరి? తన ఇంట్లో కూర్చుని, తన చేతి ఉప్మా తిని, తను చెప్పిన కథతోనే మొదటి సినిమా రాశాడు. బహుమతులు కొట్టేశాడు. తెర మీద మాత్రం సొంత పేరొక్కటే వేసుకున్నాడు!

"ఈసారి నీ పేరు వేస్తానన్నాడుగా?" గొణిగాడు శేషగిరి.

"పోయినసారీ అదే కూశాడు."

ఐర్లండంతా రిసెషన్. సినిమాకి డబ్బు పెట్టే నాథుడు లేడు. ఎలాగో డబ్బు దొరికిన ఈ రెండో సినిమా పోతే లూసియెన్ పెట్టె సర్దుకుని ఫ్రాన్స్ వెళ్ళిపోవాల్సిందే. ఆ మాట అతనే గిరిజ దగ్గర చెప్పుకుని ఏడ్చాడు. ఇదీ ఆమె చెప్పిన కథే, లెటర్‌కెన్నీ అనే ఊళ్ళో ఓ తెలుగు డాక్టరు గోడు. హీరో లండన్ పంజాబీ. తెలుగు ముక్క రాదు, తెలుగు మాటలు గిరిజ ఇంగ్లీషు అక్షరాల్లో రాసిస్తే బట్టీపట్టాడు. సరిచూడటానికి ఇంకో తెలుగు మనిషిని పెట్టుకునే స్తోమత ఎవరికుంది? గిరిజ రాసిందే వేదం.

అందుకే ఈ తొలి ఆటకి తమ ఊరు స్వోర్డ్స్‌లోని తెలుగువాళ్ళందరినీ ఫోన్లు చేసి మరీ రప్పించింది.

తెర మీద హీరోకి తల్లి పోయిన కబురొచ్చింది. కుప్పకూలాడు. కింద ఇంగ్లీషులో "అమ్మా, నన్ను క్షమించు" అని పడింది. హీరో గుండెలు బాదుకుంటూ తెలుగులో అరిచాడు:

"ఈ కథ రాసినవాళ్ళకి సిగ్గూ శరమూ లేవు! దొంగ మొహాలు! చెప్పుచ్చుకు కొట్టండి!"

హాలు గొల్లుమంది. ఈలలు, చప్పట్లు. ముందు వరసలో డబ్బు పెట్టినవాళ్ళు ఏడవాల్సిన చోట ఈ నవ్వులేమిటని మొహాలు మాడ్చుకుని, లేచి వెళ్ళిపోయారు.

"ఎవరండీ ఆ మహానుభావులు?" వెనక నుంచి డాక్టర్ అబ్రహాము కేకేశాడు. "పేరు చూడందే నేను కదల్ను!"

"చల్లారిందా?" అన్నాడు శేషగిరి.

"గ్రాండ్!" అంది గిరిజ. నిజంగానే ప్రాణం లేచొచ్చింది.

సినిమా అయిపోయింది. ఎప్పుడూ పేర్లు పడకముందే గుమ్మం దగ్గర తోసుకునే మనవాళ్ళు ఇవాళ ఒక్కరూ లేవలేదు. పాలిపోయిన మొహంతో లూసియెన్ వచ్చి ఆమె పక్కన కూలబడ్డాడు.

"గిరిజగారూ, ఎందుకు నవ్వారో నాకు తెలియలేదు. నా పని అయిపోయింది. పోనీండి, పోయినసారి చేసిన తప్పు మాత్రం దిద్దుకున్నాను. నా పేరు ఎక్కడా వేసుకోలేదు. చూడండి."

తెర నిండా పెద్ద పెద్ద అక్షరాలు పడ్డాయి.

కథ, మాటలు: గిరిజాకుమారి.